డ్వాక్రా లింకేజీ లోన్: వడ్డీలో వంక లేదు, పంపకంలోనే ఉంది

ఆడవాళ్ల పొదుపు సంఘానికి బ్యాంకు ఇచ్చే డ్వాక్రా లింకేజీ లోన్‌లో మూడు లక్షల లోపు అప్పుకు ఏడాదికి 7 శాతం వడ్డీ. తాకట్టు లేదు, బయటి జామీను లేదు, మెడలో గొలుసు తీసి కౌంటర్ మీద పెట్టనక్కర్లేదు. పొలం పాస్‌బుక్ అడగరు, జీతం చీటీ అడగరు. మన దేశంలో కూలి పని చేసుకునే ఆడమనిషికి బ్యాంకు ఇచ్చే అప్పుల్లో ఇంతకన్నా మంచి సరుకు లేదు. ఆ మాట ముందే చెప్పేస్తే, ఇక తర్వాత చెప్పేవి విమర్శలైనా ఈ పథకం మీద ప్రేమతో చెబుతున్నవే అని అర్థమవుతుంది.

సరుకుగా దీనికి ఐదుకు నాలుగున్నర మార్కులు వేయొచ్చు. మన ఊళ్లలో వాడుతున్న తీరుకు మాత్రం రెండున్నర మించి వేయలేం. మధ్యలో రెండు మార్కులు ఎక్కడ పోతున్నాయన్నదే ఇక్కడి విషయం. అప్పు దొరికితే ఊరు బాగుపడుతుందా, బాగుపడే ఊరికే అప్పు దొరుకుతుందా అని ఆర్థికవేత్తలు నూరేళ్లకు పైగా వాదించుకుంటున్నారు. బ్యాంకరు డబ్బిస్తేనే కొత్త పని పుడుతుందని షుంపీటర్ 1911లో అన్నాడు. పని ముందు నడుస్తుంది, డబ్బు దాని వెనకాలే వస్తుందని జోన్ రాబిన్సన్ 1952లో అంది. సంఘం మీటింగులో చాప మీద కూర్చుని చూస్తే, ఇద్దరి మాటా నిజమయ్యే చోటు ఒకటి కనిపిస్తుంది. లోన్ డబ్బు ఎవరికి ఎంత అని పంచుకునే ఆ పది నిమిషాలు.

ముందు సరుకు ఎలా ఉంటుందో చూద్దాం. పేరు డ్వాక్రా అంటున్నాం గానీ, ఆ పేరుతో 1982లో మొదలైన కేంద్ర పథకం 1999లోనే వేరే పథకంలో కలిసిపోయింది. మన దగ్గర పేరు మాత్రం నిలిచిపోయింది. దీనికి మన నేల మీద బలం ఇచ్చింది నెల్లూరు జిల్లా. దూబగుంట ఆడవాళ్ల సారా పోరాటం తర్వాత రోజుకో రూపాయి దాచే పొదుపు సంఘాలు ఆ జిల్లాలో ఊరూరా పుట్టాయి. దాదాపు అదే కాలంలో, 1992లో జాతీయ వ్యవసాయ, గ్రామీణాభివృద్ధి బ్యాంకు అయిన నాబార్డ్ దేశం మొత్తం మీద 500 సంఘాలను బ్యాంకులతో కలిపి చూసే ప్రయోగం మొదలుపెట్టింది. లింకేజీ అన్న మాట అక్కడి నుంచే వచ్చింది. ఇవాళ దేశంలో సంఘాలకు బ్యాంకులిచ్చే అప్పుల్లో పెద్ద వాటా దక్షిణాదిదే. అందులో రెండు తెలుగు రాష్ట్రాలు ముందు వరుసలో ఉంటాయి.

లోన్ రావాలంటే సంఘం కనీసం 6 నెలలు సక్రమంగా నడిచి ఉండాలి. ఈ 6 నెలలు లెక్కపెట్టాల్సింది సంఘం పుస్తకాల ప్రకారం. బ్యాంకులో పొదుపు ఖాతా తెరిచిన తేదీ నుంచి కాదు. చాలా బ్రాంచీల్లో ఖాతా తేదీ చూపించి వెనక్కి పంపుతారు. పుస్తకాలు ముందు పెట్టి, రిజర్వ్ బ్యాంకు సర్క్యులర్‌లో ఇలాగే ఉందని నెమ్మదిగా చెప్పండి. పంచ సూత్రాలు అందరికీ తెలిసినవే: క్రమం తప్పని మీటింగు, పొదుపు, అంతర్గత అప్పు (పొదుపు డబ్బును సభ్యులు తమలో తాము అప్పుగా ఇచ్చుకోవడం), వాయిదాల చెల్లింపు, పుస్తకాల నిర్వహణ. సంఘం ఎంత బాగా నడుస్తోందో తేల్చే గ్రేడింగ్ వీటి మీదే వేస్తారు. మూలపడ్డ సంఘాన్ని మళ్లీ నడిపిస్తే 3 నెలలు సక్రమంగా ఉన్నా చాలు. సంఘానికి రిజిస్ట్రేషన్ అక్కర్లేదు.

ఎంత ఇస్తారన్నది మూలధనం మీద ఆధారపడుతుంది. మూలధనం అంటే పొదుపు ఒక్కటే అనుకునే సంఘాలు ఇంకా ఉన్నాయి. అలా అనుకుని తక్కువ అప్పుతో సరిపెట్టుకుంటున్నారు. సభ్యుల పొదుపు, అంతర్గత అప్పుల మీద వచ్చిన వడ్డీ, పథకం కింద సంఘానికి వచ్చే రివాల్వింగ్ ఫండ్, ఇతర ఆదాయం అన్నీ కలిపితే అది మూలధనం. పది మంది నెలకు రూ. 200 చొప్పున రెండేళ్లు దాస్తే రూ. 48,000. ఆ డబ్బును బ్యాంకులో నిద్రపుచ్చకుండా నూటికి రూపాయి వడ్డీకి తమలో తాము తిప్పుకుంటే వడ్డీ కూడా చేరి మూలధనం దాదాపు 54 వేలు అవుతుంది. రివాల్వింగ్ ఫండ్ వస్తే ఇంకా పెరుగుతుంది. లెక్క సులువుగా ఉండటానికి రూ. 60,000 అనుకుందాం. మొదటి విడత మూలధనానికి 6 రెట్లు, లేదా లక్షన్నర, రెంటిలో ఏది ఎక్కువైతే అది. అంటే ఈ సంఘానికి రూ. 3,60,000 వరకు అర్హత ఉంది. రెండో విడతకు 8 రెట్లు లేదా కనీసం 3 లక్షలు. మూడో విడతకు కనీసం 6 లక్షలు, అది కూడా సూక్ష్మ రుణ ప్రణాళిక (ఏ సభ్యురాలికి ఏ పనికి ఎంత కావాలో సంఘం రాసుకునే కాగితం) చూసి. ఆ తర్వాత 6 లక్షలు దాటి ఇస్తారు. గడువు మొదటి విడతకు 24 నుంచి 36 నెలలు, రెండోదానికి 36 నుంచి 48, మూడోదానికి 48 నుంచి 60, నాలుగోదానికి 60 నుంచి 84 నెలలు.

అర్హత 3,60,000 ఉంది కదా అని అంతా తీసేసుకోవాలా? 7 శాతం రేటు 3 లక్షల వరకే. 3 నుంచి 5 లక్షల మధ్య రేటు బ్యాంకు ఏడాది ఎంసీఎల్ఆర్ (బ్యాంకు తన నిధుల ఖర్చును బట్టి కట్టుకునే కనీస అప్పు రేటు) లేదా 10 శాతం, ఏది తక్కువైతే అది. అది కూడా చౌకే గానీ గీత దాటాక రేటు మారిందన్న సంగతి సంఘంలో అందరికీ తెలియాలి. శాంక్షన్ లెటర్ తెలుగులో ఇమ్మని అడిగి, మీటింగులో పైకి చదివించుకోవడం మంచి అలవాటు.

ఇప్పుడు వాయిదా లెక్క. 3 లక్షలు, 7 శాతం, 36 నెలలు. నెల వాయిదా దాదాపు రూ. 9,263. మొదటి నెలలో అందులో రూ. 1,750 వడ్డీ, మిగతా రూ. 7,513 అసలుకు పోతుంది. మూడేళ్లలో కట్టే మొత్తం వడ్డీ దాదాపు రూ. 33,500. అదే 3 లక్షలు ఊళ్లో నూటికి రెండు రూపాయలకు తెచ్చి నెలనెలా తీరుస్తూ వస్తే వాయిదా రూ. 11,770, మొత్తం వడ్డీ దాదాపు రూ. 1,23,700. తేడా తొంభై వేలు. ఇంకో ఉచ్చు ఉంది. "మాది పన్నెండు శాతమే, ఫ్లాట్" అని చెప్పి ఇచ్చేవాళ్లుంటారు. ఫ్లాట్ అంటే మొదట ఇచ్చిన 3 లక్షల మీదే మూడేళ్లూ వడ్డీ లెక్కగడతారు, మధ్యలో మీరు తీర్చిన అసలును పట్టించుకోరు. ఆ లెక్కన వడ్డీ రూ. 1,08,000 అవుతుంది. తగ్గే బాకీ పద్ధతిలోకి మార్చి చూస్తే అది 21 శాతం దాటుతుంది. పన్నెండుకూ ఏడుకూ తేడా ఐదే కదా అనుకుని వెళ్తే మూడు రెట్లు కడతారు.

ఇంతవరకు సరుకులో వంక పెట్టడానికి ఏమీ లేదు. అసలు సమస్య డబ్బు సంఘం ఖాతాలో పడ్డాక మొదలవుతుంది.

ఎక్కువ ఊళ్లలో జరిగేది ఇదే: 3 లక్షలు వచ్చాయి, పది మంది ఉన్నారు, తలా ముప్పై వేలు. సూక్ష్మ రుణ ప్రణాళికలో మాత్రం ఒకరికి గేదె, ఒకరికి కిరాణా, ఒకరికి కుట్టు మిషను అని రాసి ఉంటుంది. కాగితం కాగితమే, పంపకం పంపకమే. ముప్పై వేలతో పాలిచ్చే గేదె రాదు. ఉన్న కిరాణా కొట్టుకు సరుకు నింపుకోవచ్చు గానీ కొత్త కొట్టు పెట్టలేరు. దాంతో ఆ డబ్బు కాలేజీ ఫీజుకు, పాత బాకీకి, ఇంటి రేకులకు, బండి డౌన్ పేమెంట్‌కు వెళ్తుంది. అది తప్పని ఎవరూ అనకూడదు. ముప్పై వేల పాత బాకీని రెండు రూపాయల వడ్డీ నుంచి 7 శాతానికి మార్చుకుంటే ఏడాదికి దాదాపు ఐదు వేలు ఆ ఇంట్లో మిగులుతాయి. కూలి చేసుకునే ఇంటికి అది చిన్న మొత్తం కాదు. ఎక్కువ వడ్డీ బాకీలు తీర్చుకోవడానికి ఈ లోన్ వాడొచ్చని నిబంధనలూ చెబుతున్నాయి. కానీ ఇది ఊరటే గానీ ఊరి ఆదాయం పెరగడం కాదు. పాత అప్పు స్థానంలో చౌక అప్పు వచ్చింది, అంతే. ఊళ్లో కొత్తగా ఒక పాడి లేదు, ఒక కూలి దినం లేదు. అందుకే రిజర్వ్ బ్యాంకు 2 లక్షలు దాటిన లోన్‌లో కనీసం సగం, 4 లక్షలు దాటితే ముప్పావు వంతు ఆదాయం తెచ్చే పనులకు వెళ్లాలని చెబుతోంది.

సమానంగా ఎందుకు పంచుకుంటారు? దానికి వాళ్ల కారణాలు వాళ్లకున్నాయి, వాటిని తేలిగ్గా తీసేయకూడదు. పది మందీ ఒకరికొకరు పూచీ. నాకు ముప్పై వేలిచ్చి ఆమెకు లక్ష ఇస్తే, ఆమె ఎగ్గొట్టిన రోజు నేనెందుకు కట్టాలి అన్నది న్యాయమైన ప్రశ్న. వాయిదా వసూలు కూడా సమానమైతే సులువు, తలా రూ. 926 అంటే చదువు రానివాళ్లకూ నోటికి వస్తుంది. వీటికి తోడు ఇంకో కారణం ప్రభుత్వాల వైపు నుంచి వచ్చింది. 2004లో పావలా వడ్డీ, 2012 జనవరి నుంచి వడ్డీ లేని రుణాలు, 2014 ఎన్నికలప్పుడు మాఫీ హామీ, ఆంధ్రప్రదేశ్‌లో 2020 నుంచి నాలుగు విడతల ఆసరా. ఆసరా లెక్క 2019 ఏప్రిల్ 11 నాటికి సంఘం పేరున నిలిచిన బాకీ మీద కట్టారు. ఆ రోజుకు అప్పున్నవాళ్లకు డబ్బు వచ్చింది, అప్పటికే తీర్చేసినవాళ్లకు రాలేదు. దీంతో లోన్ అంటే పెట్టుబడి కన్నా వాటా అన్న లెక్క మనసుల్లో కుదురుకుంది. వాటా అయినప్పుడు అందరికీ సమానంగా రావాల్సిందే కదా. మాఫీల వల్ల ఎన్ని ఇళ్లు తేరుకున్నాయన్నది వేరే చర్చ. లోన్‌ను పెట్టుబడిగా చూసే అలవాటు మాత్రం వాటితో దెబ్బతింది.

అసమానంగా పంచితే ఎలా ఉంటుందో గేదె లెక్కతోనే చూద్దాం. ఒక సభ్యురాలికి లక్ష ఇచ్చారనుకోండి. తొంభై వేలు గేదెకు, పది వేలు రవాణా, పశు బీమా, మొదటి నెల దాణాకు. 36 నెలల గడువైతే ఆమె వాయిదా వాటా రూ. 3,088. గేదె సగటున రోజుకు 6 లీటర్లు ఇస్తే ఇంటికి ఒక లీటరు పోగా ఐదు పాల కేంద్రానికి వెళ్తాయి. వెన్న శాతాన్ని బట్టి లీటరుకు యాభై వస్తే నెలకు రూ. 7,500. దాణా ఒంటి పోషణకు కిలో, ప్రతి 2 లీటర్ల పాలకు ఇంకో కిలో చొప్పున రోజుకు 4 కిలోలు. కిలో ముప్పై అనుకుంటే నెలకు రూ. 3,600. మిగిలేది రూ. 3,900. వాయిదా కట్టాక చేతిలో ఎనిమిది వందలు. పచ్చగడ్డి, ఎండుగడ్డి సొంత పొలానివైతేనే ఈ లెక్క. కొని వేస్తే ఆ ఎనిమిది వందలూ ఉండవు.

ఇక వట్టిపోయిన నాలుగు నెలలు. పాలు సున్నా, వాయిదా మాత్రం ఆగదు: రూ. 12,352. పాడి లోన్లు చెడిపోయేది సరిగ్గా ఇక్కడే. ఆ ఇల్లు అప్పుడు వారం వాయిదాల ఫైనాన్స్ వాళ్ల దగ్గరకు వెళ్తుంది. గేదె చెడ్డది కాదు, మనిషి సోమరి కాదు. పాలకు ఒక కాలం ఉంది, వాయిదాకు లేదు, ఆ రెండూ కలవలేదు. దీనికి మందు కూడా లెక్కలోనే ఉంది. చూడి గేదెను కాకుండా ఈని పదిహేను రోజులు దాటిన రెండో ఈత గేదెను కొనాలి. మూడు పూటల పాలు ఎదురుగా పిండించి చూడాలి. మొదటి పూట ఆపి ఉంచిన పాలు కలిసి ఎక్కువ కనిపిస్తాయి, అందుకే మూడు. రెండో విడతైతే 48 నెలల గడువు అడగాలి. అప్పుడు లక్షకు వాయిదా రూ. 2,395కు తగ్గుతుంది, వట్టిపోయే నెలలకు పక్కన పెట్టుకోవడానికి నెలకు ఏడు వందలు దొరుకుతాయి. ఎదకు వచ్చినప్పుడు వదలకుండా చూడి కట్టించడం అన్నిటికన్నా ముఖ్యం. ఒక్క ఎద తప్పితే మూడు వారాల దాణా దండగ.

ఈ ఏడాది ముగ్గురికి లక్ష చొప్పున, మిగతా ఏడుగురికి అత్యవసరాలకు అంతర్గత అప్పు, వచ్చే విడతలో మరో ముగ్గురు. ఇలా వంతులు పెట్టుకున్న సంఘాల్లో పెద్ద మొత్తం తీసుకున్న ప్రతి ఒక్కరికీ ఆస్తి మిగులుతుంది. పూచీ భయానికి ఒక ఉపాయం ఉంది: పెద్ద మొత్తం తీసుకునేవాళ్లు తమ పేరున మూడు వాయిదాలకు సరిపడా పొదుపు ముందే చూపించాలని తీర్మానం రాసుకోవడం. మినిట్స్ పుస్తకంలో పది సంతకాలతో ఈ వంతుల క్రమం రాసి ఉంటే తర్వాత గొడవ రాదు.

పెద్ద మొత్తం అందరికీ పనికొస్తుందా? రాదు. హైదరాబాద్‌లోని 104 బస్తీల్లో జరిగిన పేరున్న అధ్యయనం దీనికి జవాబిచ్చింది. ఆర్థికవేత్తలు అభిజిత్ బెనర్జీ, ఎస్తేర్ డఫ్లో బృందం సగం బస్తీల్లో ముందుగా పేదలకు చిన్న అప్పులిచ్చే మైక్రోఫైనాన్స్ సంస్థ శాఖలు తెరిపించి, మిగతా సగంతో పోల్చి చూసింది. ఏడాదిన్నర తర్వాత సగటు ఇంటి ఖర్చులో చెప్పుకోదగ్గ పెరుగుదల లేదు. పేదరికం పోతుందన్న ప్రచారానికి అది గట్టి దెబ్బ. కానీ తర్వాత ఆరేళ్లు గడిచాక చూస్తే, అప్పు రాకముందే ఏదో ఒక వ్యాపారం నడుపుతున్న ఇళ్లు మాత్రం బాగా ఎదిగాయని తేలింది. అంటే పని ఉన్నచోట డబ్బు పెరుగుతుంది. పని లేనిచోట డబ్బొక్కటే పనిని పుట్టించదు. సంఘంలో ఎవరికి ముందు ఇవ్వాలన్న ప్రశ్నకు ఇంతకన్నా సూటి సలహా దొరకదు: ఇప్పటికే చేస్తున్న పనిని పెంచుకుంటానన్న సభ్యురాలికి మొదటి వంతు.

అయితే అప్పుల వ్యవస్థ ఊరి ఆదాయానికి పెద్దగా పనికిరాదని కూడా అనలేం. 1977 నుంచి 1990 వరకు మన దేశంలో ఒక నిబంధన ఉండేది: బ్యాంకు ఉన్న ఊళ్లో ఒక కొత్త శాఖ పెట్టాలంటే బ్యాంకు లేని ఊళ్లలో నాలుగు పెట్టాలి. ఆ శాఖలు వెళ్లిన చోట పల్లెల పేదరికం తగ్గిందని, వ్యవసాయేతర ఉత్పత్తి పెరిగిందని ఆర్థికవేత్తలు బర్జెస్, రోహిణి పాండే 2005లో చూపించారు. తిరగేసి చూపే రుజువు మన రాష్ట్రం నుంచే వచ్చింది. 2010 అక్టోబర్‌లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం మైక్రోఫైనాన్స్ మీద ఆర్డినెన్స్ తెచ్చింది. వారం వాయిదాలు, ఇంటి ముందు కూర్చుని వసూళ్లు, ఆత్మహత్యల వార్తలు దానికి కారణం. ఇక్కడ వసూళ్లు కుప్పకూలాయి. ఇక్కడ డబ్బు ఇరుక్కున్న సంస్థలు వేరే రాష్ట్రాల్లో, ఏ తగాదా లేని జిల్లాల్లో కూడా అప్పులు ఆపేశాయి. అలా అప్పు హఠాత్తుగా ఎండిపోయిన జిల్లాల్లో కూలి రేట్లు పడిపోయాయని, ఇళ్ల ఖర్చు తగ్గిందని ఎమిలీ బ్రెజా, సింథియా కినన్ పరిశోధన లెక్క తేల్చింది. అప్పు తీసుకోని కూలీకి కూడా దెబ్బ తగిలింది. పక్కింటి ఆమె గేదె కొనకపోతే గడ్డి కోసే మనిషికి పని లేదు, ఇటుకల బట్టీకి అప్పు రాకపోతే మోసే మనిషికి దినం లేదు. లింకేజీ లోన్‌కు ఉన్న అసలు విలువ ఇదే: ఒక ఇంట్లో పెట్టుబడిగా మారితే అది నాలుగిళ్లకు కూలిగా చేరుతుంది. ముప్పై వేల ముక్కలైతే చేరదు.

టర్మ్ లోన్ (మొత్తం ఒకేసారి తీసుకుని వాయిదాల్లో తీర్చేది) తీసుకోవాలా, సీసీఎల్ (క్యాష్ క్రెడిట్ లిమిట్) తీసుకోవాలా అని చాలామంది అడగనే అడగరు, బ్రాంచి ఏది ఇస్తే అది. అడగాలి. సీసీఎల్ అంటే 3 ఏళ్లకు కనీసం 6 లక్షల పరిమితి, ఏడాదికి ఇంత వరకు తీయొచ్చని ఒక గీత. పైన చెప్పిన సంఘానికి మొదటి ఏడాది గీత 3,60,000. వాడినదానికే వడ్డీ. జూన్‌లో 2 లక్షలు తీసి, నవంబర్‌లో పంట అమ్మి లక్షా ఇరవై వేలు తిరిగి వేస్తే, మిగతా ఎనభై వేల మీదే ఆ తర్వాతి వడ్డీ నడుస్తుంది. ఆ ఏడాది మొత్తానికి వడ్డీ సుమారు రూ. 9,100. మళ్లీ అవసరమైతే మళ్లీ తీయొచ్చు, కొత్త దరఖాస్తు అక్కర్లేదు. వ్యవసాయం, బట్టల వ్యాపారం, పండ్ల వ్యాపారం చేసేవాళ్లున్న సంఘానికి ఇది చక్కగా సరిపోతుంది. తేడా ఎక్కడ వస్తుందంటే, సీసీఎల్‌ను కూడా మొదటి రోజే మొత్తం తీసేసి, పంచేసి, టర్మ్ లోన్‌లా వాయిదాలు కట్టుకుంటూ పోతారు. అప్పుడు దాని గుణం పోయింది. ఖాతాలో జమలు, ఖర్చులు తిరుగుతుండాలి, ఏటా పరిమితిని సమీక్ష చేయించాలి. అది మరిచిపోతే వాయిదాలు సరిగ్గా కట్టినా ఖాతా బాగాలేదన్న ముద్ర పడే ప్రమాదం ఉంది.

పుస్తకాల సంగతి కొంచెం గట్టిగానే చెప్పాలి. సంఘాలు చెడిపోయిన చోట వెతికితే ఎక్కువసార్లు దొరికేది ఎగవేత కన్నా నగదు. వాయిదా డబ్బు పది చేతుల నుంచి ఒక చేతికి వెళ్లి, అక్కడి నుంచి బ్యాంకుకు వెళ్లదు, లేదా ఆలస్యంగా వెళ్తుంది. సభ్యులు తాము కట్టేశామనే అనుకుంటారు. ఆరు నెలల తర్వాత నోటీసు వస్తుంది. దీనికి మూడు జాగ్రత్తలు చాలు. పాస్‌బుక్ నెలనెలా ప్రింటు వేయించి మీటింగులో అందరికీ చూపించాలి, లోన్ ఖాతాది కూడా, పొదుపు ఖాతాది ఒక్కటే కాదు. ఎస్ఎంఎస్ వెళ్లే ఫోన్ నంబరు లీడరుది తప్ప ఇంకెవరిదీ కాకపోతే, ఆ మెసేజీని మీటింగులో పైకి చదివించాలి. లీడర్లను రెండేళ్లకోసారి మార్చాలి. మార్చినప్పుడు బ్యాంకులో సంతకాలు కూడా మార్పించాలి, లేకపోతే పాత సంతకంతో డబ్బు కదులుతూనే ఉంటుంది. 2016 నుంచి సభ్యుల వారీ వివరాలు కూడా, ఎవరు అప్పు ఎలా తీర్చారో రికార్డు ఉంచే క్రెడిట్ బ్యూరోలకు వెళ్లే ఏర్పాటు ఉంది. అంటే సంఘం వాయిదా తప్పితే రేపు సొంతంగా ఇంటి లోన్‌కు వెళ్లిన సభ్యురాలికి అక్కడ తగులుతుంది. లోన్ 90 రోజులు బాకీ పడితే మొండి బాకీ కింద రాస్తారు.

బ్యాంకుల వైపు నుంచి వచ్చే ఇబ్బందుల్లో మొదటిది పొదుపును కదలనివ్వకపోవడం. లోన్ ఉన్నంతకాలం పొదుపు ఖాతాలో డబ్బు తీయొద్దని నోటిమాటగా ఆపేస్తారు. అది నిబంధనలకు విరుద్ధం. 10 లక్షల వరకు తాకట్టూ ఉండకూడదు, పొదుపు మీద పట్టూ ఉండకూడదు, డిపాజిట్ కూడా అడగకూడదు. 10 నుంచి 20 లక్షల మధ్య లోన్లకు కూడా తాకట్టు అడగకూడదు, పొదుపు ఖాతాను ఆపకూడదు. సొంత డబ్బు అంతర్గత అప్పుగా తిరగకపోతే మూలధనం పెరగదు, మూలధనం పెరగకపోతే వచ్చే విడత పెరగదు. కాబట్టి ఇది చిన్న విషయం కాదు. రెండోది, ఒక సభ్యురాలి భర్తకో కొడుక్కో పాత బాకీ ఉందని సంఘం మొత్తానికి లోన్ ఆపడం. సంఘం బాకీ లేనప్పుడు కొందరు సభ్యుల లేదా వారి కుటుంబాల బాకీలు మామూలుగా అడ్డు కాకూడదు. బ్యాంకుకు తానే బాకీ ఉన్న సభ్యురాలికి ఈ లోన్‌లో వాటా ఇవ్వకూడదు, అంతవరకే. మూడోది చార్జీలు. ప్రాధాన్య రంగ లోన్‌లో (సంఘాల లోన్లు ఈ కిందికే వస్తాయి) తలకు యాభై వేల లోపైతే ప్రాసెసింగ్, తనిఖీ లాంటి చార్జీలు వేయకూడదు. ఈ పరిమితి సంఘానికి కాదు, సభ్యురాలికి. పది మంది సంఘానికి 5 లక్షల వరకు అన్నమాట. ఇన్సూరెన్స్ పేరుతో కోత పడితే ఏ పాలసీ, ఎవరి పేరున, ఎన్నేళ్లకు అని కాగితం అడగాలి. వద్దంటే వద్దనే హక్కు ఉంది.

బ్రాంచిలో పని కాకపోతే ముందు రాతపూర్వకంగా ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోవాలి. 30 రోజుల్లో జవాబు రాకపోయినా, వచ్చిన జవాబు సరిగ్గా లేకపోయినా బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే రిజర్వ్ బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు పంపొచ్చు, ఖర్చు లేదు. 14448కు ఫోన్ చేస్తే ఎలా పంపాలో చెబుతారు. సంఘాలను చూసే మండల సిబ్బంది, అంటే సీసీ గానీ ఏపీఎం గానీ తోడుంటే చాలా గొడవలు అక్కడిదాకా పోకుండానే తీరతాయి. మంచి సీసీ ఉన్న మండలంలో ఈ సేవ వేరేలా ఉంటుంది, అది ఒప్పుకోవాల్సిందే.

సున్నా వడ్డీ గురించి ఒక్క మాట. ఇది బ్యాంకు ఇచ్చే తగ్గింపు కాదు. వడ్డీ ముందు సంఘమే కడుతుంది, తర్వాత రాష్ట్ర ప్రభుత్వం వెనక్కి వేస్తుంది, అదీ ఒక పరిమితి వరకు, వాయిదాలు గడువులో కట్టినవాళ్లకు. కాబట్టి పంపకం రోజు వాయిదా లెక్కను సున్నా వడ్డీతో వేసుకోవద్దు. పూర్తి వడ్డీతో వేసుకుని, వెనక్కి వచ్చినదాన్ని మూలధనంలో కలపండి. ఆ డబ్బు ఎప్పుడు వస్తుందో ఎవరి చేతిలోనూ ఉండదు.

డబ్బు వెంటనే కావాలంటే 2011లో పుట్టిన స్త్రీనిధి ఉంది, సంఘాల కోసం పెట్టిన సహకార రుణ సంస్థ. గ్రామ సంఘం (ఊళ్లోని సంఘాలన్నిటి సమాఖ్య) ద్వారా 48 గంటల్లో ఇవ్వాలన్న ఉద్దేశంతో పెట్టినది. ఆసుపత్రి, ఫీజుల అవసరాలకు అది మేలు. బ్యాంకు కన్నా వడ్డీ ఎక్కువ కాబట్టి పెద్ద పెట్టుబడికి అది మొదటి తలుపు కాకూడదు. మైక్రోఫైనాన్స్ సంస్థలకు ఇప్పుడు 2022 నాటి రిజర్వ్ బ్యాంకు నిబంధనలున్నాయి. ఇంటి అప్పులన్నిటి వాయిదాలు కలిపి నెల ఆదాయంలో సగం దాటకూడదు, ముందుగా తీర్చేస్తే జరిమానా ఉండకూడదు. సంఘం లోన్ వాయిదా కూడా ఆ సగంలోకి వస్తుందని గుర్తుంచుకుని, ఆదాయం నిజం చెప్పడం మన క్షేమానికే.

ఇక ఎప్పుడు తీసుకోవాలన్నది. బ్యాంకులకు, శాఖలకు లక్ష్యాలు ఉంటాయి కాబట్టి ఫిబ్రవరి, మార్చి నెలల్లో లింకేజీలు వరదలా వస్తాయి. ఖరీఫ్ పెట్టుబడి కావాల్సింది జూన్‌లో. మార్చి నెలాఖరున ఖాతాలో పడ్డ డబ్బు జూన్ దాకా పెళ్లిళ్లకూ ఎండాకాలం ఖర్చులకూ కరిగిపోతుంది, వాయిదా మాత్రం ఏప్రిల్‌లోనే మొదలవుతుంది. సీసీఎల్ అయితే మార్చిలో శాంక్షన్ చేయించుకుని డబ్బు మాత్రం జూన్‌లో తీసుకోవచ్చు. టర్మ్ లోన్ అయితే తీర్మానం ఏప్రిల్ మీటింగులో రాయాలి. కాగితాలు మే మొదటి వారానికి బ్రాంచిలో ఉంటే, గ్రేడింగ్, సభ్యుల కేవైసీ, ఒప్పంద పత్రాల మీద సంతకాలు అన్నీ అయ్యేసరికి తొలకరి పడుతుంది.